1,406 దొంగతనాలు... ఒక్క కేసూ లేదు!

పుట్టడమే కారులో పుట్టాడు. అదీ క్రిస్మస్ రోజున, ఆసుపత్రికి వెళ్లే దారిలో! 1958 డిసెంబర్ 25న అమెరికాలోని షికాగోలో, ఓల్డ్స్‌మొబీల్ కారు వెనక సీటులో భూమ్మీద పడ్డ ఆ పిల్లాడికి అప్పట్లో కుర్రకారును ఊపేస్తున్న గాయకుడు రికీ నెల్సన్ పేరు పెట్టారు. అమ్మ మళ్లీ పెళ్లి చేసుకున్నాక ఇంటిపేరు హెన్లీ పోయి హెండర్సన్ వచ్చింది. డాక్టరు కోసం కూడా ఆగని ఆ తొందర 46 ఏళ్ల వయసులోనూ తగ్గలేదు. రికీ హెండర్సన్ అంటే బేస్‌బాల్ చరిత్రలోకెల్లా గజదొంగ. మొత్తం 1,406 దొంగతనాలు. అన్నీ పట్టపగలో, ఫ్లడ్‌లైట్ల వెలుగులోనో, వేలమంది చూస్తుండగానే!

ఏం దొంగిలించాడంటారా? బేస్‌లు. మైదానంలో నాలుగు బేస్‌లుంటాయి. ఒకదానికీ ఇంకోదానికీ మధ్య 90 అడుగులు, అంటే 27.43 మీటర్లు. క్రికెట్ పిచ్‌కన్నా ఏడు మీటర్లు ఎక్కువే. మామూలుగా మన జట్టు బ్యాటర్ బంతిని కొడితేనే బేస్ మీదున్నవాడు కదులుతాడు. అందాకా ఆగకుండా, పిచర్ బంతి విసరబోతుండగానే పరుగు లంకించుకుని తర్వాతి బేస్‌ను చేరితే దాన్నే స్టీల్ అంటారు. దొరికితే ఔట్. దొరక్కపోతే దొర.

లెక్క వేసి చూడండి. 1,406 బేస్‌లు, ఒక్కోటి 90 అడుగులు. మొత్తం 1,26,540 అడుగులు. కిలోమీటర్లలో 38.5 పైచిలుకు. మారథాన్‌కు ఇంకో మూడున్నర కిలోమీటర్లే తక్కువ. బాగా ఎదిగిన తాటిచెట్టు 90 అడుగులుంటుంది. అలాంటి 1,406 చెట్లను పడగొట్టి మొదలూ చివరా కలిపి వరసగా పరిస్తే ఎంత దూరమో, అంత దూరం దొంగ పరుగులే తీశాడు.

ఇతని తర్వాతివాడు లూ బ్రాక్. 938. తేడా 468! మొదటి స్థానానికీ రెండో స్థానానికీ మధ్య ఇంత ఖాళీ ఉన్న పెద్ద రికార్డులు ఏ ఆటలోనైనా వేళ్ల మీద లెక్కపెట్టాల్సిందే. బ్రాక్ లెక్కకు ఒకటిన్నర రెట్లు ఇతనిది. ఇప్పటి కుర్రాడెవరైనా దీన్ని కొట్టాలంటే ఏడాదికి 50 చొప్పున 28 ఏళ్లు దొంగిలించాలి. అప్పటికీ 1,400 దగ్గరే ఉంటాడు. ఇంకో ఆరు బాకీ.

అతి తక్కువ సమయం: సుమారు 3.3 సెకన్లు. పిచర్ కాలు కదిపి విసిరిన బంతి క్యాచర్ గ్లవ్‌లో పడడానికి సుమారు 1.3 సెకన్లు పడుతుంది. క్యాచర్ లేచి దాన్ని రెండో బేస్‌కు విసరడానికి ఇంకో 2 సెకన్లు. దొంగకున్న గడువంతా ఇదే. మొదటి బేస్ నుంచి పన్నెండు అడుగుల దాకా పక్కకు జరిగి, మోకాళ్లు వంచి, చేతులు వేలాడేసి, వేళ్లు ఆడిస్తూ, పిచర్ మీద నుంచి చూపు తిప్పకుండా నిలబడేవాడు రికీ. పిచర్‌కు దొంగ సంగతి తెలుసు, క్యాచర్‌కు తెలుసు, గ్యాలరీలో కూర్చున్న పసిపిల్లాడికీ తెలుసు. అయినా బేస్ పోయేది. మొత్తం మీద వందలో 80 సార్లకు పైగా దక్కించుకున్నాడు.

బేస్‌ను చేరేటప్పుడు చాలామంది కాళ్లు ముందు పెట్టి జారుతారు. రికీ తల ముందు పెట్టి, పొట్ట మీద జారేవాడు. మొదట్లో ఒళ్లంతా దెబ్బలే. ఆ విద్య విమానంలో పట్టుబడిందని తనే చెప్పేవాడు. ఒకసారి జట్టుతో ప్రయాణిస్తుంటే విమానం కుదుపన్నదే లేకుండా నేల మీద దిగింది. ఎలా దింపారని పైలట్‌నే అడిగాడు. నేలకు ఎంత దగ్గరగా, ఎంత వాలుగా వస్తే అంత మెత్తగా దిగుతుందని అర్థమైంది. ఆనాటి నుంచి ఒంటిని ఇంకా కిందికి వంచి పరుగెత్తాడు. ఎగిరి పడడం మానేసి, నేల వెంటే జారడం మొదలెట్టాడు. పాతికేళ్లు ఒళ్లు నిలబడిందంటే సగం పుణ్యం ఆ విమానానిదే.

మొదటి సంపాదన: కొట్టిన ప్రతి హిట్‌కూ, తీసిన ప్రతి పరుగుకూ, దొంగిలించిన ప్రతి బేస్‌కూ 25 సెంట్లు. కాలిఫోర్నియాలోని ఓక్లాండ్ టెక్నికల్ హైస్కూల్లో ఒక కౌన్సెలర్ మేడమ్ ఆశపెట్టిన లంచం ఇది. మొదటి పది మ్యాచ్‌ల్లో 30 హిట్లు, 25 పరుగులు, 33 దొంగతనాలు. కూడితే 88, డాలర్లలో 22. మేడమ్ పర్సు ఏమైందో పాపం! అసలు రికీ మనసంతా అమెరికన్ ఫుట్‌బాల్ మీదే ఉండేది. కాలేజీలు స్కాలర్‌షిప్‌లతో వెంటపడ్డాయి. ఫుట్‌బాల్‌లో ఒళ్లు త్వరగా హూనమైపోతుందని, ఎక్కువ కాలం ఆడగలిగే ఆట చూసుకోమని చెప్పింది వాళ్లమ్మ. 1976లో కొత్త ఆటగాళ్ల ఎంపికలో (డ్రాఫ్ట్) ఓక్లాండ్ ఎ'స్ జట్టు నాలుగో రౌండ్‌లో తీసుకుంది.

మరుసటి ఏడాదే, 18 ఏళ్ల వయసులో, మొడెస్టో ఊరి చిన్న లీగ్ జట్టు తరఫున ఒక్క మ్యాచ్‌లో 7 బేస్‌లు దొంగిలించాడు. ఆ సీజన్ మొత్తం మీద 95.

వింతల్లో వింత ఇంకోటి. ఎడమచేత్తో విసిరేవాడు, కుడిచేతివాటంగా బ్యాటింగ్ చేసేవాడు! క్రికెట్‌లో ఇలాంటివాళ్లు ఉన్నారు గానీ, బేస్‌బాల్‌లో పిచర్లను మినహాయిస్తే ఈ రకం దాదాపు కనబడరు. కారణం సులువే. ఎడమచేతివాటంగా కొట్టేవాడు మొదటి బేస్‌కు ఒకట్రెండు అడుగులు దగ్గరగా ఉంటాడు. సహజంగా ఎడమచేతివాటం ఉన్నవాడు ఆ లాభం ఎందుకు వదులుకుంటాడు? వీధిలో పిల్లలందరూ కుడిచేతివాటంగానే కొడుతుంటే, అలాగే కొట్టాలి కాబోలనుకున్నాడట రికీ. అలా ప్రతిసారీ ఒక అడుగు వెనక నుంచి బయల్దేరి కూడా ఈ లెక్కలన్నీ సాధించాడు.

1979 జూన్ 24న పెద్ద లీగ్‌లో అడుగుపెట్టాడు. మొదటి రోజే మొదటి దొంగతనం.

తర్వాతి ఏడాది 1980. వయసు 21. సరిగ్గా 100 బేస్‌లు! పెద్ద లీగ్‌లో సగమైన అమెరికన్ లీగ్‌లో టై కాబ్ 1915లో నెలకొల్పిన 96 రికార్డు 65 ఏళ్ల తర్వాత కూలింది. 1900 తర్వాత ఒక సీజన్‌లో వందకు చేరినవాళ్లు నలుగురంటే నలుగురే. మారీ విల్స్ ఒకసారి, లూ బ్రాక్ ఒకసారి, విన్స్ కోల్‌మన్ మూడుసార్లు, రికీ మూడుసార్లు. నలుగురూ నల్లజాతీయులే. అమెరికన్ లీగ్ వరకే చూస్తే ఒక్కడే ఒక్కడు, మూడుసార్లూ రికీయే.

ఇక 1982. ఈ ఏడాది దగ్గర కాస్త ఆగాలి. బ్రాక్ 1974లో చేసిన 118 అప్పటికి, 1900 తర్వాతి లెక్కల్లో, పెద్ద లీగ్ రికార్డు. ఆగస్టు 27న మిల్వాకీలో రికీ 119వ బేస్ దొంగిలించాడు. సీజన్ ముగియడానికి ఇంకా నెలకు పైగా ఉంది! ఆట ఆపి చప్పట్లు కొట్టారు. అయ్యగారు ఆగలేదు. ఆ రోజే ఇంకో మూడు దొంగిలించి 122కు చేరాడు. సీజన్ ముగిసేసరికి 149 మ్యాచ్‌ల్లో 130. ఆ ఏడు అదే లీగ్‌లో చాలా జట్లు మొత్తం ఆటగాళ్లందరూ కలిసి కూడా 130 దొంగిలించలేకపోయాయి. 2023లో బేస్‌ల సైజు 15 అంగుళాల నుంచి 18 అంగుళాలకు పెంచారు, పిచర్లకు రకరకాల ఆంక్షలు పెట్టారు. దొంగలకు ఇంతకన్నా మంచి రోజులు రావు. అయినా ఆ ఏడాది అందరికన్నా ఎక్కువ దొంగిలించిన రొనాల్డ్ అకూనా జూనియర్ లెక్క 73.

అదే 1982లో ఇంకో రికార్డు కూడా ఇతనిదే. దీని గురించి అభిమానులు పెద్దగా మాట్లాడరు. 42 సార్లు పట్టుబడ్డాడు! ఒక సీజన్‌లో అంతకన్నా ఎక్కువసార్లు దొరికిన దొంగ లేడు. కెరీర్ మొత్తం మీద 335 సార్లు. అదీ రికార్డే. దొంగల్లో నంబర్ వన్, దొరికినవాళ్లలోనూ నంబర్ వన్.

దశాబ్దపు రారాజు: 1980 నుంచి 1989 దాకా పదేళ్లలో 838. రెండో స్థానంలో ఉన్న టిమ్ రేన్స్‌కు 583. 1980 నుంచి 1991 దాకా పన్నెండేళ్లలో పదకొండుసార్లు అమెరికన్ లీగ్‌లో మొదటి స్థానం. తప్పింది ఒక్క 1987. తొడ కండరం పట్టేసి 41 దగ్గరే ఆగిపోయాడు. ఆ ఏడు 60తో హెరాల్డ్ రేనాల్డ్స్ గెలిచాడు. రికీ ఫోన్ చేశాడు. అభినందించడానికేమో అనుకుంటే, 60కే మురిసిపోతే ఎలా, రికీకైతే సీజన్ సగంలోనే 60 అయిపోయేవని దెప్పిపొడిచాడట. రేనాల్డ్స్ తనే నవ్వుతూ చెప్పే కథ ఇది. అన్నట్టు, రికీ తన గురించి తను మాట్లాడేటప్పుడు కూడా చాలాసార్లు 'నేను' అనడానికి బదులు 'రికీ' అనేవాడు.

అత్యంత ఖరీదైన గోడ అలంకారం: పది లక్షల డాలర్ల చెక్కు! ఓక్లాండ్ జట్టు ఇచ్చిన చెక్కును బ్యాంకులో వేయకుండా ఫ్రేము కట్టించి ఇంట్లో తగిలించుకున్నాడని చెప్పుకుంటారు. అక్కడ జట్టు లెక్కలవాళ్లు ఖాతాల్లో పది లక్షలు ఎందుకు మిగిలాయో తెలియక జుట్టు పీక్కున్నారట. ఆ రోజుల్లో అమెరికా బ్యాంకుల్లో వడ్డీ రేట్లు చూస్తే, ఇంత నష్టపు అలంకారం మరోటి ఉండదు. చొక్కా నంబరు కోసమూ అంతే. 1993లో టొరంటో జట్టుకు వెళ్లినప్పుడు తనకిష్టమైన 24 నంబరు వేరే ఆటగాడి దగ్గర ఉంటే, 25,000 డాలర్లిచ్చి కొనుక్కున్నాడని అంటారు.

1985, న్యూయార్క్ యాంకీస్. ఆడింది 143 మ్యాచ్‌లు, తీసిన పరుగులు 146. క్రికెట్ కళ్లతో చూస్తే ఇదేమంత గొప్పా అనిపిస్తుంది. బేస్‌బాల్‌లో జట్టంతా కలిసి మ్యాచ్‌కు చేసేది సగటున నాలుగైదు పరుగులే. అందులో మ్యాచ్‌కు ఒకటికి పైగా ఒక్కడివే. 1949 తర్వాత అప్పటిదాకా ఒక సీజన్‌లో అన్ని పరుగులు తీసినవాడు లేడు.

ఓపెనర్ల ఓపెనర్: రికీ జట్టులో మొట్టమొదట బ్యాటింగ్‌కు దిగేవాడు. తన జట్టు మొదటి ఇన్నింగ్స్ మొదలుపెడుతూనే, బంతిని గోడ దాటించి హోమ్ రన్ బాదినవి 81. ఆ విద్యలో పేరుమోసిన ఆల్ఫోన్సో సోరియానో 54 దగ్గర ఆగాడు. 1993 జులై 5న ఒకే రోజు రెండు మ్యాచ్‌లుంటే, రెండింటినీ హోమ్ రన్‌తోనే మొదలుపెట్టాడు. అంతకుముందు ఆ పని జరిగింది 1913లో. 80 ఏళ్ల విరామం!

రికీ మళ్లీ ఓక్లాండ్‌కు ఆడుతున్న 1989 అక్టోబర్‌ను ఆ ఊరు మర్చిపోదు. టొరంటోతో లీగ్ ఫైనల్ సిరీస్‌లో 5 మ్యాచ్‌లు, 8 దొంగతనాలు. తర్వాత వరల్డ్ సిరీస్‌లో శాన్‌ఫ్రాన్సిస్కో మీద 4-0 విజయం. మధ్యలో అక్టోబర్ 17న, మూడో మ్యాచ్ ఇంకాసేపట్లో మొదలవుతుందనగా భూకంపం వచ్చింది. ఆట పది రోజులు ఆగిపోయింది. ఆ సిరీస్‌లో రికీ బ్యాటింగ్ సగటు .474, అంటే దాదాపు సగం సార్లు హిట్టే. మరుసటి ఏడు, 1990లో, లీగ్ అత్యుత్తమ ఆటగాడి అవార్డు.

1991 మే 1. ఒకే తేదీ, రెండు శిఖరాలు. ఓక్లాండ్‌లో రికీ మూడో బేస్‌లోకి తల ముందుగా జారాడు. 939! బ్రాక్ రికార్డు బద్దలు. బేస్‌ను నేలలోంచి పెకలించి, రెండు చేతులా నెత్తి మీదికెత్తాడు. మైకు పుచ్చుకుని, ఈ రోజుతో ఆల్ టైమ్ గొప్పవాణ్ని నేనేనని ప్రకటించాడు. పక్కనే బ్రాక్ నిలబడి ఉన్నాడు. మర్నాడు పేపర్లు ఎంత పొగరని తిట్టిపోశాయి. చెప్పింది నిజమే కదా, అందులో తప్పేముందో ఈ రచయితకు బోధపడలేదు. అదే రాత్రి టెక్సస్‌లో 44 ఏళ్ల నోలన్ రయాన్, ఎదుటి జట్టుకు ఒక్క హిట్ కూడా ఇవ్వకుండా మ్యాచ్ ముగించాడు. అలా ఏడోసారి! అదీ చరిత్రలో మరెవరికీ లేని రికార్డు. ఈ ఇద్దరికీ పాత లెక్క ఒకటుంది. 1989 ఆగస్టులో రయాన్ స్ట్రైకౌట్ చేసిన 5,000వ బ్యాటర్ ఎవరో కాదు, రికీయే.

ప్రపంచ పటం మీద చూసినా ఇతనే. జపాన్‌లో యుటాకా ఫుకుమోటో 1,065 బేస్‌లు దొంగిలించి రిటైరయ్యాడు. 1993 జూన్‌లో రికీ ఆ అంకెనూ దాటాడు.

అన్ని కిరీటాలూ ఇతనివే అనుకోకండి. నాలుగో బేస్‌ను, అంటే 'హోమ్'ను దొంగిలించడం అన్నిటికన్నా కష్టం, బంతి వచ్చేది అక్కడికే కాబట్టి. అందులో 54తో టై కాబ్‌దే రాజ్యం. రికీ దరిదాపుల్లో లేడు.

అతి పెద్ద వయసు దొంగ: 1998. వయసు 39. లీగ్‌లో అందరికన్నా ఎక్కువ దొంగతనాలు, 66! మొదటిసారి ఆ స్థానంలో నిలిచినప్పుడు వయసు 21. మధ్యలో 18 ఏళ్లు.

బోస్టన్ రెడ్ సాక్స్‌కు మాత్రం ఈ లెక్క చేదు. 1979 నుంచి 2001 దాకా ఆ జట్టు మొత్తం, వచ్చినవాళ్లూ పోయినవాళ్లూ అందరూ కలిసి, దొంగిలించినవి 1,382. అదే కాలంలో రికీ ఒక్కడే 1,395. 2002లో రికీ అదే జట్టులో చేరాడు!

2001 ఏడాదంతా పండగే. వయసు 42, జట్టు శాన్‌డియాగో. పిచర్ నాలుగు బంతులు గురి తప్పి వేస్తే బ్యాటర్‌కు మొదటి బేస్ ఉచితం. అలా దక్కిన వాక్‌లలో బేబ్ రూత్ రికార్డును ఏప్రిల్‌లో దాటాడు. తర్వాత మొత్తం 2,190కి చేరాడు. ఈ రికార్డును తర్వాత బ్యారీ బాండ్స్ 2,558తో లాక్కున్నాడు. కానీ బాండ్స్‌కు భయపడి పిచర్లు కావాలనే ఇచ్చినవి వందల్లో ఉన్నాయి. రికీకి కావాలని ఇచ్చినవి 61. ఇతనికి ఊరికే బేస్ ఇవ్వడమంటే దొంగ చేతికి తాళాలివ్వడమే కదా, ఎవరిస్తారు? ఆ వాక్‌లను ఓపికతో, పిచర్ కంట్లోకి కన్ను పెట్టి సంపాదించాడు. నడుం బాగా వంచి కూర్చున్నట్టు నిలబడేవాడు. బంతి వేయాల్సిన జాగాయే కుంచించుకుపోయేది.

అక్టోబర్ 4. టై కాబ్ పేరిట ఉన్న 2,245 పరుగుల రికార్డు కూలింది. ఎలా? హోమ్ రన్‌తో! బంతి గోడ దాటింది, అడ్డేవాడు లేడు, నడుచుకుంటూ రావచ్చు. రికీ మాత్రం హోమ్ దగ్గర దుమ్ములో జారి మరీ దాన్ని తాకాడు. మూడు రోజులకు, సీజన్ ఆఖరి రోజున, 3,000వ హిట్. ఇరవై ఏళ్లు అదే జట్టులో ఆడిన టోనీ గ్విన్‌కు ఆ రోజే వీడ్కోలు మ్యాచ్.

నన్నడిగితే అసలు కిరీటం ఆ పరుగులదే. దొంగతనాల అంకె చూసి నోరెళ్లబెడతారు గానీ, ఆట గెలిచేది చుట్టూ తిరిగి హోమ్‌కు చేరినప్పుడే. రికీ అలా చేరింది 2,295 సార్లు. బాండ్స్ 2,227, హాంక్ ఆరన్, బేబ్ రూత్ చెరో 2,174. ఒక్కో చుట్టు 360 అడుగులు. మొత్తం దాదాపు 252 కిలోమీటర్లు, అంటే ఆరు మారథాన్లకు కొంచెమే తక్కువ. దొంగతనం చేసేదే ఇందుకు. ఒక బేస్ ముందుంటే వెనకవాడు చిన్న హిట్ కొట్టినా ఇంటికి వచ్చేయొచ్చు.

25 సీజన్లు, 9 జట్లు, 3,081 మ్యాచ్‌లు. ఆల్బర్ట్ పుహోల్స్ కెరీర్ 3,080 దగ్గర ముగిసింది. ఒక్క మ్యాచ్ తేడా! ఒక్క ఓక్లాండ్‌లోనే నాలుగుసార్లు చేరాడు, నాలుగుసార్లు వెళ్లాడు. దొంగతనాలు నాలుగు దశాబ్దాలకు విస్తరించాయి: డెబ్భైల్లో 33, ఎనభైల్లో 838, తొంభైల్లో 463, ఆ పైన 72.

ఓక్లాండ్ విమానాశ్రయానికి బార్ట్ రైల్లో వెళ్లే బే ఏరియా తెలుగువాళ్లకు కొలీజియం స్టేషన్ తెలిసిందే, బండి మారేది అక్కడే. పక్కనున్న ఆ గుండ్రటి స్టేడియంలోని మైదానానికి 2017లో రికీ హెండర్సన్ పేరు పెట్టారు. 2024 సెప్టెంబర్ 26న ఎ'స్ జట్టు అక్కడ చివరి మ్యాచ్ ఆడింది. 57 సీజన్ల కాపురం ముగించి ఊరు ఖాళీ చేసింది. ఆనాటి లాంఛనపు మొదటి బంతి విసిరినవాళ్లలో రికీ ఒకడు. అదే ఏడు డిసెంబర్ 20న, 66వ పుట్టినరోజుకు ఐదు రోజుల ముందు కన్నుమూశాడు.

రిటైర్మెంట్ ప్రకటించడం మాత్రం ఇతనికి చేతకాలేదు. 2003 సెప్టెంబర్‌లో, 44 ఏళ్లకు, పెద్ద లీగ్‌లో ఆఖరి మ్యాచ్. ఇంకెవరూ పిలవకపోతే చిన్న లీగ్‌కు పోయాడు. 2004లో న్యూవార్క్ బేర్స్ తరఫున 39 ప్రయత్నాల్లో 37 దొంగతనాలు. 2005లో శాన్‌డియాగో సర్ఫ్ డాగ్స్‌లో, 46 ఏళ్ల వయసులో, 18 ప్రయత్నాల్లో 16. ఆ లీగ్ ట్రోఫీ కూడా ఆ జట్టుదే. అప్పటికీ పెద్ద లీగ్ నుంచి ఫోన్ వస్తుందనే చూశాడు.

ఫోన్ రాలేదు గానీ 2009లో హాల్ ఆఫ్ ఫేమ్ పిలుపు వచ్చింది, మొదటి ప్రయత్నంలోనే. గణాంకాల పండితుడు బిల్ జేమ్స్ ఇతన్ని రెండు ముక్కలు చేస్తే ఇద్దరు హాల్ ఆఫ్ ఫేమర్లు తయారవుతారన్నాడు. ఓటేసిన విలేకరులు 539 మంది. రికీకి వేసినవాళ్లు 511. ఆ మిగిలిన 28 మందికి ఇంకెన్ని బేస్‌లు కావాలో మరి!